టాఫీల వదిన

ఏప్రిల్ 15, శనివారం

ఫుల్హామ్ చేతిలో మూడు-ఒకటి. అదీ సొంత గ్రౌండ్‌లో. పోయిన శనివారం మాంచెస్టర్‌లోనూ ఓడాం. ఇలాగే ఆడితే మా ఇంగ్లండ్ ఫుట్‌బాల్ క్లబ్బు ఎవర్టన్ కింది డివిజన్‌కి పోతుంది. 1954 తర్వాత ఒక్కసారి కూడా పోలేదు. జక్రయ్య అన్న ఆ మాట, వాళ్ళ తాత కట్టిన ఇల్లు గురించి చెప్పినట్టు చెప్పేవాడు.

ఫిబ్రవరిలో పోయాడు. గుండెపోటు. స్పిన్నింగ్ మిల్లులో నాకు సీనియర్ ఫిట్టర్. ఈ చిలకలూరిపేటలో మా ముగ్గురికీ ఎవర్టన్ పిచ్చి ఎక్కించింది ఆయనే. చాపెల్ కుర్రాళ్ళు పెట్టుకున్న క్లబ్బురా, గ్రౌండ్ మూల మీద ఇప్పటికీ చర్చి ఉంది, మనం కాక ఎవరు సపోర్ట్ చేస్తారు అనేవాడు. మాలో నాగేంద్రబాబు హిందువు, షానవాజ్ ముస్లిం అని ఆయనకి గుర్తుండేది కాదు.

మ్యాచ్‌లు చూసేది నాగేంద్రబాబు వాళ్ళ జిన్నింగ్ మిల్లు ఆఫీసు గదిలో. టీవీ మీద కూడా దూది పేరుకుని ఉంటుంది. అన్న భార్య క్రిస్టీనా వదిన పోయిన వారం నుంచి మళ్ళీ వస్తోంది. అన్న కుర్చీలో కూర్చుంటుంది. ఎవర్టన్ ముద్దుపేరు టాఫీస్. అక్కడ మ్యాచ్ ముందు పాతకాలపు గౌను వేసుకున్న అమ్మాయి గ్రౌండ్ చుట్టూ తిరుగుతూ జనంలోకి టాఫీలు విసురుతుంది. ఇక్కడ ఆ డ్యూటీ మొదటినుంచీ వదినది. ఇవాళ కూడా అందరి చేతుల్లో పెట్టింది. నాకు రెండు.

ఏప్రిల్ 22

ప్యాలెస్‌తో సున్నా-సున్నా. నాగేంద్రబాబు టాఫీ తినలేదు, టేబుల్ మీద పెట్టేశాడు. వదిన చూసింది. ఆమె చూడటం నేను చూశాను.

ఏప్రిల్ 28, ఉదయం

న్యూకాజిల్ నాలుగు, మేము ఒకటి. అర్ధరాత్రి మ్యాచ్ కాబట్టి వదిన రాలేదు. సాయంత్రమే టాఫీల ప్యాకెట్ ఇచ్చి వెళ్ళింది.

ఇందాక నాగేంద్రబాబు ఫోన్ చేశాడు. తిన్నగా అనలేదు. తను పత్తి బేరానికి బయల్దేరేముందు వాళ్ళమ్మ వీధిలోకి తొంగి చూసి, ఎదురొచ్చేది ఎవరో చూసుకుని మరీ పంపుతుందట. నమ్మకం కాదట, జాగ్రత్తట. నేను మార్చి నుంచి జెర్సీ ఉతక్కుండా వేసుకోవడం లేదా, షానవాజ్ ఎడమ సాక్సే ముందు తొడుక్కోవడం లేదా, ఇదీ అంతేనట. షానవాజ్ ఏమన్నాడని అడిగాను. ఏమీ అనలేదట. నువ్వయితే వదినకి చెప్పగలవు మార్క్, మీరూ మీరూ ఒక చర్చి అన్నాడు.

సరే అన్నాను. తిట్టి ఫోన్ పెట్టేయాల్సింది. ఓటమి కోపంలో సరే అనేశాను.

ఏప్రిల్ 30, ఆదివారం

ఆరాధన అయ్యాక బయట చెప్పుల దగ్గర వదినని ఆపి చెప్పాను. నవ్వుతూ చెప్పాను, అదే ఇంకా సిగ్గు. ప్రపంచమంతా ఫుట్‌బాల్ ఫ్యాన్స్‌కి ఇలాంటి పిచ్చి ఉంటుంది వదినా, అచ్చిరాకపోవడాన్ని జింక్స్ అంటారు, సీరియస్‌గా తీసుకోకు, ఈ సీజన్ అయ్యేదాకా రెస్ట్ తీసుకో అన్నాను. ప్లేయర్‌ని బెంచ్ మీద కూర్చోబెట్టినట్టు.

ఆమె చెప్పులు తొడుక్కుంది. ఆ తర్వాత అంది.

"నీ చొక్కా ఉతకొద్దంటే నవ్వొస్తది మార్కూ. నన్ను రావద్దంటే నవ్వెట్టా వస్తది?"

భర్త పోయిన ఆడవాళ్ళు ఎదురు రాకూడదనే ఆచారం మా చర్చిలో లేదు. పాస్టరు గారు దాని మీద ఏటా ప్రసంగం చేస్తారు. నేను అందరికంటే గట్టిగా ఆమెన్ అంటాను.

మే 2

లెస్టర్‌తో రెండు-రెండు. కుర్చీ ఖాళీ.

మే 9

బ్రైటన్ మీద అయిదు-ఒకటి! వాళ్ళ గ్రౌండ్‌లో! నాగేంద్రబాబు నన్ను ఎత్తి గిరగిరా తిప్పాడు. ఆ మాట ఎవరూ పైకి అనలేదు కానీ ముగ్గురం అనుకున్నాం. నా సంగతి నాకు తెలుసు. మూడో గోల్‌కే అనుకున్నాను, నిజమేనేమో అని.

మే 15

సిటీ చేతిలో మూడు-సున్నా. వదిన లేదు, టాఫీలు లేవు. మరి ఇప్పుడు ఎవరి మీదకి తోద్దాం? అడిగాను కూడా. సిటీ అందరినీ ఓడిస్తుంది, ఆ మ్యాచ్ లెక్కలోకి రాదన్నాడు నాగేంద్రబాబు.

మే 21

వుల్వ్స్‌తో ఒకటి-ఒకటి. అయిపోయిందనుకున్నాక గోల్ కొట్టాం. వచ్చే ఆదివారం ఆఖరి మ్యాచ్, బోర్న్‌మత్‌తో. గెలిస్తే నిలబడతాం.

షానవాజ్ ఇన్నాళ్ళకి నోరు విప్పాడు. పోయినేడు కూడా ఇలాగే అంచుదాకా వెళ్ళి బయటపడ్డాం, అప్పుడు వదిన టాఫీలు తిన్నాం, కాబట్టి పిలుద్దాం అన్నాడు. నాగేంద్రబాబు దానికీ తలూపాడు. మళ్ళీ నన్నే వెళ్ళమన్నారు.

మే 24

వెళ్ళాను. వదిన ఆవకాయ కారానికి ఎండుమిరపకాయల తొడిమలు తీస్తోంది. మజ్జిగ ఇచ్చింది. ఆదివారం రా వదినా, నువ్వు లేకపోతే బాగాలేదు అన్నాను. ఆమె తల ఎత్తలేదు.

"నన్ను పిలిచేది నా కోసమా, మ్యాచ్ కోసమా?"

నీ కోసమే అంటే అబద్ధం. గ్లాసు కింద పెట్టి వచ్చేశాను. క్షమించమని అడగడానికి అంతకంటే మంచి సమయం ఉండదు. అడగలేదు.

మే 28

ఒకటి-సున్నా. నిలబడ్డాం.

ఇది ఎవరికీ చెప్పలేను. మ్యాచ్ మొదలయ్యాక ఓడిపోవాలని ప్రార్థన చేశాను. ఓడిపోతే, ఆమె రాకపోయినా ఓడాం, తప్పు ఆమెది కాదు అని రుజువవుతుంది కదా. జక్రయ్య అన్న జీవితమంతా ప్రేమించిన క్లబ్బు మునిగిపోవాలని, ఆయన కుర్చీ పక్కన కూర్చుని, ఉతకని నీలం జెర్సీలో అడిగాను. గోల్ పడ్డప్పుడు లేచి అందరికంటే గట్టిగా అరిచింది కూడా నేనే.

వదిన రాకపోవడమే మంచిదైంది అన్నాడు నాగేంద్రబాబు. కాదు అనలేదు నేను.

మే 29

జెర్సీ ఉతికాను.

పొద్దున మిల్లు గేటు దగ్గర వదిన ఎదురొచ్చింది. గెలిచాం కదా, ఆయనుంటే వీధంతా టాఫీలు పంచేవాడు అంది. గోల్ ఫోన్‌లో చూశావా అని అడిగాను. చూడలేదట. మ్యాచ్ టైముకి ఫోన్ ఆపేసి బీరువాలో పెట్టిందట.

"నేను చూస్తే మళ్ళీ ఏమవుద్దోనని" అంది.