కాగితం ట్యాంక్

వాల్టర్ తాతగారూ,

మీకు తెలుగు రాదు. మీరు పోయి ఇవాళ్టికి ఏడాది. అయినా పక్కింటివాణ్ణి, చెప్పకుండా ఉండలేను.

రెండో ప్రపంచయుద్ధంలో మీరు మెకానిక్‌గా పనిచేసిన ఫైటర్ కమాండ్ అనే యుద్ధవిమానాల దళం గురించి మా అనిక ఇవాళ స్కూల్ పోటీలో ప్రాజెక్ట్ చూపించింది. బాంబర్లకు తోడెళ్లే ఫైటర్లకు దూరం వెళ్లడానికి మీరు అదనంగా బిగించిన కాగితం పెట్రోల్ ట్యాంక్‌ని నమూనాగా చేసింది. నేనేమో ముందే రెడీగా ఉండాలని పొద్దున్నే దాన్నిండా నీళ్లు పోశాను. అది కార్‌లోనే తడికి నానిపోయి చిరిగింది.

"డాడీ! కాగితం ఎక్కువసేపు ఆగదు, సరిగ్గా ఎగరబోయే ముందే నింపాలి అని తాత చెప్పాడు కదా!" అంటూ బ్యాగ్‌లోంచి ఇంకోటి తీసి, జడ్జీల ముందే నింపింది.

"ఇది ఉంది కాబట్టే ఫైటర్లు చివరిదాకా బాంబర్లతో వెళ్లాయి," అంది. చుక్క కారలేదు.

ఆ రెండోది మీరు పోయేముందు మీ గరాజ్‌లో మీరూ తనూ కలిసి చేశారట. ఇప్పుడే చెప్పింది. మీరూ తనకి తోడు వచ్చారన్నమాట.