సుద్దతో రాసిన పేరు

మంగళవారం, రాత్రి

ఈరోజు మా బడి గేటు పక్కన కొత్త పేర్ల బోర్డు పెట్టారు. పెయింటర్ యూసుఫ్ భాయ్ హెడ్‌మాస్టర్ గారి పేరు, మిగతా ఇద్దరు టీచర్ల పేర్లు తెల్లరంగుతో రాశాడు. నా పేరు దగ్గరకు వచ్చేసరికి సార్ ఆపారు.

"మేడం పేరు సుద్దతోని రాయి భాయ్. టీచర్ పోస్టుల పరీక్ష జవాబుల కీ తప్పని కోర్టుల కేసు నడుస్తాంది. తీర్పు ఎటొస్తదో ఏమో. మల్ల చెరిపితే బోర్డు ఖరాబైతది."

సార్ మంచివారే. నా నియామక ఉత్తర్వులోనే ఉంది, కోర్టు తుది తీర్పుకు లోబడి అని. కానీ పిల్లల ముందు అనాలా?

యూసుఫ్ భాయ్ మాత్రం సుద్దతో నా పేరు రాస్తూ, "పరేషాన్ గాకుండ్రి మేడం, తీర్పొచ్చినంక నేనే వచ్చి రంగేస్త" అన్నాడు.

ఈ ప్రభుత్వ ఉద్యోగం కోసం పేట్ బషీరాబాద్‌లో ప్రైవేటు స్కూలు వదిలేసి వచ్చాను. అక్కడ నా స్థానంలో అప్పుడే వేరే ఆమెను తీసుకున్నారు. ఇది కూడా పోతే? మేడ్చల్ బస్సులో వస్తున్నంతసేపూ కేసు వేసినవాళ్లను తిట్టుకున్నాను. ఇంటికొచ్చాక ఇంకో భయం పట్టుకుంది. కీ నిజంగానే తప్పైతే? అప్పుడు నేను కూర్చున్నది ఎవరి కుర్చీలో...

బస్సెక్కే ముందు, సాయంత్రం బడి నుంచి అందరూ వెళ్లాక ఒక పని చేశాను. ఒకటో తరగతి పిల్లలతో అక్షరాలు దిద్దించినట్టు, సుద్దముక్కతో నా పేరు నేనే గట్టిగా దిద్దుకున్నాను.

ఇప్పుడు బయట చినుకులు మొదలయ్యాయి. ఆ బోర్డుకు పైన రేకు కూడా లేదు.