దేవుడి గదికి నాలుగించుల పైపు

సీతారాంనగర్ కాలనీ,
ఆదివారం

అమ్మా,

ఎట్లా ఉన్నావు? ఫోన్ చేస్తే "తిన్నవా బిడ్డా" అని అడిగి, నా జవాబు వినపడక పెట్టేస్తావు. అందుకే రాస్తున్నాను. కారేపల్లిలో నీ మంచం పక్కన కూర్చొని సరిత వదిన చదివి వినిపిస్తుంది కదా, తీరిగ్గా విను.

ఇల్లు పూర్తయింది. రంగులు కూడా వేశారు. కిటికీ తీస్తే టేకు చెట్లు, చెట్ల మీద కోతులు. నీళ్ళే లేవు. ట్యాంకర్ తెప్పిస్తే కోతులు నాకంటే ముందు తాగుతున్నాయి. నల్లా కనెక్షన్, మురుగు పైపు కనెక్షన్ కావాలంటే, పర్మిషన్ ఇచ్చిన ప్లాన్ ప్రకారమే ఇల్లు కట్టామని మున్సిపాలిటీ వాళ్ళు వచ్చి చూసి కాగితం ఇవ్వాలట. కాలేజీలో ప్రభుత్వ పాలన పాఠం చెప్తాను కదా, ఇలాంటి నిబంధనలు ఎంత అవసరమో పిల్లలకు ఏటా వివరిస్తాను. నా గుమ్మంలోకి వచ్చేదాకా అవి నాకు చాలా న్యాయంగా కనిపించాయి.

శుక్రవారం వచ్చి చూస్తారట. నువ్వు దిగులు పడకు.

వదినా, ఈ కింది పేరా అమ్మకు చదవకు. ప్లాన్‌లో ఈశాన్యం మూల దేవుడి గది ఉంది. నేనక్కడ బాత్రూం కట్టించాను. అమ్మ కోసం అనుకున్న గదికి ఆనుకొని ఉన్న చోటు అదొక్కటే. దసరాకి వచ్చినప్పుడు చూశాను: ఆమె గోడ పట్టుకొని పెరటి చివర మరుగుదొడ్డిదాకా వెళ్ళటం, మోకాళ్ళు వంగక నిన్ను కేకేయటం, కేకేయటానికి సిగ్గుపడి మధ్యాహ్నం నుంచే మంచినీళ్ళు మానుకోవటం. అందుకే కుర్చీలా కూర్చునే కమోడ్, పట్టుకోవటానికి స్టీలు కడ్డీ పెట్టించాను. ఆమెను తెచ్చుకోవాలని ఉంది. ఇంకా అడగలేదు. కూతురి ఇంట్లో ఉండటం ఆమెకు నామోషీ. పైగా ఈశాన్యంలో మరుగుదొడ్డి అని తెలిస్తే గడపే తొక్కదు. నిన్ను కాదని తీసుకుపోతున్నానని నువ్వేమనుకుంటావోనని నీకూ చెప్పలేదు. తొందరపడ్డానా, ఆలస్యం చేశానా, అదీ తేలటం లేదు.

నీ తిరుమల

*

సీతారాంనగర్ కాలనీ,
శుక్రవారం సాయంత్రం

అమ్మా,

ఆఫీసు నుంచి అనిల్‌కుమార్ గారు వచ్చి చూశారు. చిన్న సవరణ ఉందన్నారు, అంతే. మందులు వేసుకో.

వదినా, ఇక్కడి నుంచి ఏదీ చదవకు.

మన మేస్త్రీ ముత్యాలు పొద్దున్నే వచ్చాడు. "మీరు ఊకోండ్రి మేడం. దీపం పెడితే అది దేవుడి గది కాదా ఏంది?" అన్నాడు. పటం మాత్రం పెట్టనివ్వలేదు, నా మనసొప్పలేదు. కమోడ్ మీద చెక్క, చెక్క మీద ఎర్ర జాకెట్ ముక్క, పక్కన ఇత్తడి దీపం. స్టీలు కడ్డీకి మామిడాకులు. వద్దనాలా, ఊరుకోవాలా అని నేను ఆలోచిస్తుండగానే ఆఫీసు సారు గేటు తీశారు.

అనిల్‌కుమార్ గారు భక్తుడు. దీపం చూడగానే బూట్లు విప్పి, కళ్ళు మూసుకొని చాలాసేపు మొక్కారు. ముత్యాలు నావైపు చూసి కనుబొమలెగరేశాడు. కళ్ళు తెరిచిన సారు మూలకు చూశారు.

"మేడం, దేవుడికి నాలుగించుల పైపెందుకు?"

"అభిషేకం నీళ్ళు పోవాలె గద సార్," అన్నాడు ముత్యాలు.

"మరి గోడకు ఫ్లష్ బటన్?"

"అభిషేకం జల్దీ అయితది సార్."

సారు జాకెట్ ముక్క ఎత్తారు, చెక్క ఎత్తారు. "నేను దేనికి మొక్కిన మేడం?" అన్నారు, చాలా మెల్లగా.

అప్పుడు అమ్మ మోకాళ్ళ సంగతంతా చెప్పేశాను. ఆయన బూట్లు వేసుకుంటూ విన్నారు. "ఆ ముచ్చట ముందుగాలే చెప్పొద్దా? ఉన్నది ఉన్నట్టు గీయించి సవరించిన ప్లాన్ పెట్టుండ్రి, నేను పాస్ చేయిస్త. లేదంటే ఇది పగలగొట్టి దేవుడి గదే చెయ్యిండ్రి. కాగితం మీద ఏమున్నదో గోడల నడుమ గదే ఉండాలె. అప్పటిదాంక నల్లా లేదు, డ్రైనేజీ లేదు." గేటు దాకా వెళ్ళి వెనక్కి వచ్చారు. "నేను మొక్కిన సంగతి ఆఫీసుల అనకుండ్రి."

వదినా, ప్లాన్ మార్చటం పెద్ద పనేం కాదు. కానీ గృహప్రవేశం రోజు అమ్మ ఆ తలుపు తీస్తుంది కదా? ఆమె రానప్పుడు ఆ బాత్రూం ఎవరికి? పగలగొడితే దేవుడి గది చూడటానికైనా వస్తుంది, ఒక పూట ఉంటుంది. ముత్యాలును సుత్తి తీసుకొని వచ్చే సోమవారం కాక ఆపై సోమవారం రమ్మన్నాను. నువ్వు ఒక్క మాట రాస్తే ఆపుతాను.

తిరుమల

*

కారేపల్లి

బిడ్డా తిరుమలా,

రాసేది మీ వదిన, మాట నాది.

"ఈ పేరా అమ్మకు చదవకు" అన్నది కూడ సరిత చదివింది. చదివి నాలుక కరుసుకున్నది. గంత మాట విన్నంక నేనూకుంటనా? రెండుత్తరాలు ఆఖరుదాంక చదివిచ్చుకున్న.

ఈశాన్యం అంటే నాకు భయమే. నీతోని మాట్లాడొద్దనుకున్న. ఇయ్యాల పొద్దుగాల గోడ పట్టుకొని పెరట్లకు పోతుంటే నడుమల కాళ్ళు ఆగినయ్. గాడ నిలబడి ఆలోచన చేసిన. పర్ణశాలల రాముడు ఆకుల గుడిసెల ఉన్నడు. ఆయనకు మూల చూసి కట్టిన మేస్త్రి ఎవడు? దేవుడు నీ వంటింట్ల అలమారల కూసుంటడు. ఆయనకు మోకాళ్ళ నొప్పులు లేవు.

ముత్యాలు సుత్తి ముడితే నా నోట్ల పడ్డట్టే అని చెప్పు. ఆ సారుకు కొత్త ప్లాన్ల దాపరికం లేకుంట నా పేరు పెట్టి రాసియ్యి, బతుకమ్మ బాత్రూం అని. కూతురింట్ల ఉంటే నలుగురు నవ్వుతరంటవా? నవ్వనియ్. వాళ్ళకు మోకాళ్ళు లేవా, రేపు నొయ్యవా?

నల్లా వచ్చిన దినం వచ్చి తోల్కపో.

మీ అమ్మ,
బతుకమ్మ

తిరుమలా, ఈ పేరా అత్తమ్మకు చదవను. ఆమె చీరలన్నీ పెట్టెలో సర్దుకొని దాని మీదే కూర్చుంది. నువ్వు అడిగితే నాకు కోపం వస్తుందనుకున్నావు, పిచ్చిదానా. రోజంతా మేమిద్దరం కయ్యమాడుకుంటాం. పెరట్లోకి చెయ్యి పట్టుకొని నడిపించేటప్పుడే రాజీ అవుతాం. ఇప్పుడు ఆ రాజీ ఎక్కడ పడాలి? మీ అన్నతో చెప్పి ఇక్కడ కూడా అట్లాంటి కమోడ్ పెట్టిస్తున్నాను. ఎండాకాలం నీ దగ్గర, వానలు పడగానే నా దగ్గర అని నువ్వే ఒప్పించు. నేను అడిగానని తెలియనివ్వకు.

"నా పేరు రాసినంక ఇంకేం రాస్తున్నవే గంతసేపు?" అంటున్నది. మందుల పేర్లు అన్నాను.

"గన్ని మందులా? ఏదీ, చదువు" అంటున్నది.

సరిత