గోడ మీది నంబరు

అశోక్ నగర్ హాస్టల్,
జూన్ 3

నాయినకు, నేను క్షేమమే. కార్డు చూసి కంగారుపడకు, ఇది ఫోన్‌లో చెప్పలేక రాస్తున్నాను.

నిన్న చిక్కడపల్లి నెట్ సెంటర్‌లో డిగ్రీకి అప్లికేషన్ పెట్టాను. ఆ కాలేజీకి ఇంటర్ మార్కులు మనమే చెప్పుకోవాలి, మెమో సీటు వచ్చాకే చూస్తారు. సెంటర్ అన్న "ఎన్నొచ్చినయమ్మా?" అంటే "తొమ్మిది వందల నలభై ఒకటి" అన్నాను. మీకు చెప్పీ చెప్పీ నోటికి అదే వచ్చింది. కింద "ఇవన్నీ నిజమని ప్రమాణం చేస్తున్నాను" అని ఉంది. అది చదివాక నా వల్ల కాలేదు.

"ఆగన్నా, ఏడు వందల పద్నాలుగు" అన్నాను.

"ఏందమ్మా, గింతల్నే రెండొందలు తగ్గినయా?" అన్నాడు. వెనక ఉన్నవాళ్లు నవ్వారు.

నిజం ఏడు వందల పద్నాలుగే, నాయినా. ముక్కూ మొహం తెలియని కాలేజీకి నిజం చెప్పి నీ దగ్గర దాచలేను. తిట్టాలనిపిస్తే ఫోన్ చెయ్యి, ఎత్తుతాను.

అమ్మ మోకాలికి మందు వాడుతోందా? నా కులం సర్టిఫికెట్ ట్రంకు పెట్టెలో ఉంది, రాములు మామతో పంపు. ఆ తొమ్మిది వందల నలభై ఒకటి వేయించి గోడకు కట్టిన నా ఫ్లెక్సీ దించెయ్యి. వానలొస్తున్నాయి, మేకల కొట్టం మీద కప్పు, నంబరున్న వైపు లోపలికి పెట్టు. మౌనికను దాని ముందు నిలబెట్టి "అక్క లెక్క చదువు" అని ఇక కొట్టకు.

అమ్మకు దండాలు.

మౌనికా, నాయినకు ఈ కార్డు చదివేది నువ్వే కదా. కొట్టకు అన్న మాట మింగెయ్యకు. మళ్లీ ఒకసారి గట్టిగా చదువు.

సరిత