కూలర్ కింది పుస్తకం

అన్నా, నైట్ డ్యూటీ నుంచి రాంగనే పండుకోకు. టీవీ పక్కన లావు పుస్తకం పెట్టిన. అది పట్టుకొని సంగారెడ్డి లైబ్రరీకి పో. పదకొండు లోపలనే పో, తర్వాత లైబ్రరీ సార్ దొరకడు.

నిన్న గ్రూప్-4 పుస్తకాల కోసం కార్డు అడిగితే సార్ రిజిస్టర్ తీసి, "మీ ఇంటికి పోయిన పుస్తకం ఆరేండ్ల సంది వాపస్ రాలేదమ్మా. అది తెస్తెనే నీకు కార్డు" అన్నడు. పేరు చూస్తే నీదే. అందరి ముందట ఇజ్జత్ పోయింది. ఇంటికొచ్చి అంతా దేవులాడితే, కూలర్ ఊగకుండ కాలు కింద పెట్టింది అదే! ఇప్పుడు ఆడ ఇటుక పెట్టిన, తియ్యకు.

నీ దోస్తు పంపిన గ్రూప్-4 పుస్తకాల దొంగ పీడీఎఫ్ జిరాక్స్ తీయించకు. సగం పేజీలు మసకనే ఉన్నయి. కొత్తవి అన్నీ కొనుడు మనతోని కాదు. లైబ్రరీల ఒక్కటే సెట్టు ఉంది, ఎవరన్న తీస్కపోతరేమో అని నాకు కాలు నిలుస్తలేదు. పరీక్ష ఇంక నలభై రోజులే.

కంపెనీ బస్సు హారన్ కొడుతుంది, పోతున్న. పప్పు వేడి చేసుకొని తిను.

నిషిత

పుస్తకం తుడుస్తుంటే నడుమల అప్పటి నీ గ్రూప్-4 హాల్ టికెట్ దొరికింది. పరీక్ష రాసిన, పాస్ కాలే అని బాపుకు చెప్పినవ్ గద. దాని మీద ఉన్న తారీఖు నాడు నేను డెంగ్యూతోని పటాన్‌చెరు దవాఖానల ఉన్న. పొద్దటి సంది మాపటి దాంక నువ్వు నా మంచం కాడి నుంచి లేవలే. ఇన్నేండ్లు ఒక్క మాట చెప్పలే, ఏంది అన్నా గిట్ల? సార్‌ను ఒక్క కార్డు కాదు, రెండు అడుగు.