దబాయించడానికి భూతకాలం

ఆదోని, బుధవారం రాత్రి

పొద్దున పదో తరగతిలో ‘బ్రోబీట్’ అనే ఇంగ్లీషు క్రియ చెప్పాను. బ్రో అంటే కనుబొమ్మ, బీట్ అంటే కొట్టడం అనగానే పిల్లలంతా నవ్వారు. ఈరమ్మ మాత్రం లేచి, "దబాయించేది కదా మేడం? హెడ్మాస్టరు సారు మీతో మాట్లాడినట్ల," అంది. నాకు తల కొట్టేసినట్టయింది. పిల్లలకు కూడా తెలిసిపోయిందన్నమాట!

సాయంత్రం స్టాఫ్ మీటింగులో ఆ ఈరమ్మ మాటే వచ్చింది. పత్తి తీయడానికి పోయి చాలా రోజులు బడి మానేసింది కాబట్టి పరీక్షకు పంపొద్దన్నారు హెడ్మాస్టరు. నేను నోరు తెరవగానే ఎప్పటిలాగే గొంతు పెంచారు. "నీకేం తెలుసమ్మా? ఊరికే కూచో!"

కూచోలేదు. "మీరు గొంతు పెంచినంత మాత్రాన న్యాయం అయిపోతాదా సార్? సాయంత్రాలు నేను సదివిస్తా. ఆ పాప పరీక్ష రాస్తాది," అన్నాను. నా గొంతు వణకలేదు! ఆయన అందరి మొహాలూ చూసి, "సరేలేమ్మా, రాయనీ," అన్నారు.

రేపు ఇంకో సాకుతో అరుస్తారేమో... అరవనీ.

పిల్లలకు ఒకటి చెప్పడం మరిచాను. ఇంగ్లీషులో ఆ క్రియకు వర్తమానంలోనూ భూతకాలంలోనూ ఒకటే రూపం. అందుకే ఇక్కడ తెలుగులో రాసుకుంటున్నాను: హెడ్మాస్టరు నన్ను దబాయించేవారు.