సొక్చో ఒడ్డున పిలిచిన పేరు

మిబోక్‌కు నానమ్మ దీవెనలు. ఇక్కడ సొక్చోలో చలి ఎక్కువే, అయినా నా మోకాళ్లు బాగానే ఉన్నాయి.

నిన్న మా సినిమాలో, తప్పిపోయిన మనవరాలిని నేను సముద్రపు ఒడ్డున వెతికే సీను తీశారు. "యోన్‌హీ!" అని ఆ పిల్లను పిలవాలి. నా నోట నీ పేరే వచ్చింది.

"అమ్మగారూ, కథలో ఆ పేరు లేదండీ. మళ్లీ తీద్దాం," అన్నాడు డైరెక్టరు.

"కథ రాసిందీ, డబ్బు పెట్టిందీ, వేషం వేసిందీ నేనే. ఫిల్ము దండగ చెయ్యకు, అలాగే ఉంచు," అన్నాను. ఎలాగూ సియోల్‌లో తెర మీది నా బొమ్మకు వేరే ఆవిడ గొంతు ఇస్తుంది, పేరు సరిచేస్తుంది.

కిమ్చీ ఊరగాయ జాడీల మూతలు బిగించారా? లెక్కలు రోజూ చెయ్యి. మీ అమ్మతో చెప్పి నా ఊలు మేజోళ్లు పంపించు. మీ నాన్నకు ఆశీస్సులు.

సినిమా హాల్లో అందరికీ యోన్‌హీ అనే వినబడుతుంది. నువ్వు మాత్రం నా పెదాలు చూడు.

నానమ్మ